మూడు - సున్నా

నా దగ్గరున్నది ఒక గళ్ల నోటు పుస్తకం,
ఎరుపూ నీలమూ రెండూ రాసే పెన్ను,
గోడకి మేకు కొట్టిన కిర్గిజ్ రోడ్ల పటం.
ఆరు జట్లు. ప్రతి జట్టూ మిగతా ఐదింటితో రెండేసి సార్లు.
ముప్పై ఆటలు.
మూడో తరగతి పిల్లైనా వేసే లెక్క.

ఇప్పుడు దీనికి కొండలు కలపండి.
తలస్‌లో సెప్టెంబరంతా రాజ్మా కోతలు.
నారిన్ గోల్‌కీపరు గొర్రెలతో ఎండాకాలపు బీళ్ల మీద ఉంది,
మంచు తరిమితే గానీ కిందికి దిగదు.
ఓష్ వాళ్ల బస్సుకి బ్రేకులున్నాయని డ్రైవరు ఒట్టేశాడు.
ఒట్టేయించుకోవాల్సి వచ్చిందంటేనే తెలుస్తోంది.

మొదటి ఏడు ఆఫీసులో పెద్దాయన టీ పోయించి మరీ అన్నాడు:
"లీగెందుకమ్మా? మార్చి ఎనిమిదిన ఒక ఆట పెట్టండి,
పూలిద్దాం."
పూలు నేనూ తీసుకున్నాను చాలా ఏళ్లు.
ఈసారి బంతులడిగాను.
పదకొండిచ్చాడు.

గుర్తింపు కార్డుకి ఫొటో తెమ్మంటే
ఒకమ్మాయి పెళ్లి ఫొటో కత్తిరించి తెచ్చింది.
అంచున ఎవరిదో కోటు భుజం మిగిలిపోయింది.
ముద్ర సరిగ్గా దాని మీద వేశాను.

పద్నాలుగో నిబంధన నా చేతిరాతే:
అరగంట దాటితే రాని జట్టు ఓడినట్టు, మూడు - సున్నా.

అక్టోబరు పంతొమ్మిది, కరకోల్.
దొలోన్ కనుమలో రాత్రి నుంచీ మంచు.
అరగంటయింది. ఈల పంటి కింద పెట్టుకుని
రెఫరీ తుర్సునాయ్ నా వైపు చూసింది.
ఎర్ర సిరాతో రాశాను
ఎవరూ కొట్టని మూడు గోల్స్.

పొద్దు వాలాక వచ్చింది నారిన్ బస్సు.
మోకాళ్ల దాకా బురద, తోసీ తోసీ అరచేతులు బొబ్బలు.
వాళ్ల కోచ్ షాయిర్‌గుల్ పుస్తకంలోకి తొంగి చూసి
ఏమీ అనలేదు కాసేపు.
"ఆ రోజు మీటింగులో నేనూ చెయ్యెత్తాను కదా," అంది.

కరకోల్ కెప్టెన్ జిబెక్ మాత్రం ఊరుకోలేదు.
"కొట్టెయ్యండది. గెలవని గెలుపు నాకెందుకు?"

కొట్టెయ్యలేదు.
ఒక్క గీత అడ్డంగా గీస్తే చాలు,
టీ పోయించిన పెద్దాయన నవ్వుతాడు:
ఆడవాళ్లు కదా, వాళ్లలో వాళ్లే సర్దుకుంటారని.
నాకు ఏడుపొచ్చింది. పుస్తకం మాత్రం మూసేశాను.

లెక్కలో లేని ఆట ఆడకూడదని
ఏ నిబంధనా లేదన్న సంగతి
ముందు తుర్సునాయ్‌కి తట్టింది.

రెండు వ్యాన్ల లైట్లు మైదానానికి సగమే చాలాయి.
ఆవలి మూలకి బంతి వెళితే చీకట్లో కలిసిపోయేది,
బూటు చప్పుడు వినిపించాక
"దొరికింది!" అని ఎవరో అరిచేవాళ్లు.
గొర్రెతోలు చేతితొడుగుల్లో కీపరు
కనబడని బంతిని రెండుసార్లు పట్టింది, ఒకటి వదిలేసింది.
గిన్నెడు బోర్సోక్‌లు తెచ్చిన ఎవరి తల్లో
ఏది ఎవరి జట్టో తెలియక అందరికీ పంచింది.

ఒకటి - ఒకటి.
పుస్తకం చివరి అట్ట లోపల, నీలం సిరాతో ఉంది.
పాయింట్ల పట్టికలో లేదు.
నారిన్ ఆ ఏడు ఒక్క పాయింటు తక్కువై ఐదో స్థానంలో మిగిలింది.
ఆ పాయింటు ఎక్కడుందో నాకు తెలుసు.

ఈ ఏడు ఎనిమిది జట్లు, యాభై ఆరు ఆటలు.
పద్నాలుగో నిబంధన తీసెయ్యాలని జిబెక్ కాగితం రాసిచ్చింది.
ఏడు చేతులు లేచాయి.
లేవనిది షాయిర్‌గుల్‌ది.
"నిబంధన ఉండనీ," అంది,
"బస్సు ముందురోజే బయల్దేరేలా చెయ్యండి.
రాత్రికి పడుకోడానికి చోటు చూపించండి."

అందుకే ఇవాళ పటం పక్కన పెట్టి రాస్తున్నాను:
కరకోల్ బడి, మూడో గది,
పరుపులు పదహారు, దుప్పట్లు పదహారు,
బొగ్గు ఒక బస్తా.
రెండు, పొయ్యి పాతదట.